ఒప్పందంలో మూడో పంక్తి

తెల్లవారుజామున నాలుగింటికి రొట్టెలు కాల్చాను.
తొమ్మిదింటికి న్యాయపీఠం ఎక్కాను,
గోళ్ల సందుల్లో ఇంకా రై పిండి.
త్స్వికావ్ కార్మిక న్యాయస్థానంలో పద్ధతి అంతే:
నడుమ చదువుకున్న న్యాయమూర్తి,
ఒక పక్క పనివాళ్లలోంచి ఒకరు,
ఇంకో పక్క యజమానుల్లోంచి ఒకరు.
ఆ ఒకరిని నేను.
మూడు పొయ్యిలు, పదకొండుమంది. నాదీ ఒక సంస్థే మరి.

హైడ్రున్ ప్యోల్మన్ కోటు విప్పకుండానే కూర్చుంది.
ప్లావెన్ లేసు మిల్లులో ఇరవై ఎనిమిదేళ్లు రఫూ పని.
మిషను వదిలేసిన కన్నాన్ని
వేలికొసతో వెతికి, సూదితో పూడ్చి,
అక్కడ కన్నముండేదని లేసుకే గుర్తులేకుండా చేసే పని.

ఫిబ్రవరిలో ఆవిడ దీపాల గురించి రాసిచ్చింది,
బల్లల మీద వెలుతురు చాలడం లేదని.
మార్చిలో జవాబు వచ్చింది, దీపాల ఊసు లేకుండా:
సోమవారం నుంచి మీరు ఫిర్యాదుల విభాగంలో.
జీతంలో మార్పు లేదు.

కంపెనీ వకీలు కుర్రవాడు, నెమ్మదస్తుడు.
"ఊరు మార్చామా? ఒక్క అంతస్తు కిందికి.
పైసా తగ్గించామా? లేదు.
ఎవరు ఏ పని చేయాలో చెప్పే హక్కు యజమానిది కాదా?"
నిజమే అనిపించింది. తల కూడా ఊపినట్టున్నాను.
ఎవరికి తోచిన పిండి వాళ్లు పిసికితే
దుకాణం ఎలా నడుస్తుంది?

న్యాయమూర్తి వీగాండ్ తొంభై ఆరు నాటి ఒప్పందం తీసింది.
టైపు కొట్టిన కాగితం, మడతల దగ్గర చిరుగు.
మూడో పంక్తి: *తుది మెరుగుల విభాగంలో, రఫూ పనికి.*
అంతే.
ఇప్పటి ఒప్పందాలన్నిటికీ తోకలా వేలాడే మాట,
'అవసరాన్ని బట్టి ఇతర పనులు కూడా',
అందులో లేదు.
ఆవిడ ఆ కాగితాన్ని వెలుతురుకి పట్టుకుని
లేని మాటను చాలాసేపు చదివింది.

"ఆ మాట ఉన్నా సరే," అంది,
"హక్కుకి ఒక అంచుంటుంది. రెండు వైపులా తూచాలి.
ఈమె వైపు పళ్లెంలో మీరేం పెట్టి తూచారు?"
వకీలు ఫైలు తిప్పాడు.
ముందుకి, మళ్లీ వెనక్కి.

హైడ్రున్ ఒక్కసారే మాట్లాడింది.
"నాకొక ఫోనిచ్చారు. లేసులో కన్నాలున్నాయని
కొన్నవాళ్లు తిడతారు.
అవి నేను పూడ్చాల్సిన కన్నాలు.
ఇప్పుడు వాటి తరఫున క్షమాపణ చెబుతున్నాను."

తలుపు వెనక మేం ముగ్గురం ఏం మాట్లాడుకున్నామో
చెప్పకూడదు, ప్రమాణం చేశాను.
నా తలలో ఎవరు మాట్లాడారో చెప్పొచ్చు:
యోర్న్. పొయ్యి దగ్గర తొమ్మిదేళ్లు.
పిండిలో పురుగుందని అందరి ముందూ అన్నందుకు
కౌంటరు దగ్గర నిలబెట్టాను.
జీతం అదే, నవ్వుతుంటే చాలు, అన్నాను.
అతనికి నత్తి.
నాకు తెలుసు.
ఆరు వారాలు
'ప్రె... ప్రె...' దగ్గరే ఆగిపోయి
జనం వేలుపెట్టి చూపించిందే కట్టిచ్చాడు.
ఏడో వారం రాలేదు.
మా మధ్య కాగితం లేదు.
చేతిలో చెయ్యి వేసుకున్నాం, అంతే.
చేతిలో మూడో పంక్తి ఏదని ఎవడు వెతుకుతాడు?

తీర్పుకి అందరం లేచి నిలబడ్డాం.
ఆ బదిలీ చెల్లదు.
రఫూ బల్ల దగ్గరే ఆమెకి పని ఇవ్వాలి.

"మరి దీపాలు?" అంది హైడ్రున్.
న్యాయమూర్తి కళ్లజోడు తీసి
"అది ఈ దావాలో లేదమ్మా" అంది,
తప్పు తనదే అన్నట్టు.

ఆమె కోటు గుండీలు ఒకసారి తడిమి చూసుకుంది.
ఏ గుండీ ఊడితే మళ్లీ కుట్టుకుందో
పీఠం మీంచి వంగి మరీ వెతికాను.
దొరకలేదు.